రాగ్నా పడుకున్న నేల

1887 ఏప్రిల్ 11, సోమవారం

గొలుసుతో భూమి కొలిచేవాళ్ళు ఈ రోజు మా చేల మీదుగా నడిచారు. బడికి దారి వేస్తారట. మధ్యాహ్నం పిలిచి కాఫీ పోశాను. వాళ్ళలో పెద్దాయన కప్పు కింద పెట్టి, కిటికీలోంచి తూర్పుకు వేలు చూపించి, "మీ హద్దు అదుగోనమ్మా, ఆ ముళ్ళ తుప్ప అవతల" అన్నాడు.

నాకు నవ్వొచ్చింది. "మా హద్దు మీ కాళ్ళ కిందే ఉంది బాబూ" అని నేల మీద మేకుల వరస చూపించాను. "ఇటు పక్క నాది. అటు పక్క మా ఆడపడుచు రాగ్నాది. ఎవరి భూమిలో వాళ్ళు కాపురముంటేనే గానీ ప్రభుత్వం పట్టా ఇవ్వదు కదా. ఇద్దరాడవాళ్ళం రెండిళ్ళు ఎక్కడ కట్టగలం? అందుకని హద్దు మీదే ఒక్క ఇల్లు వేసుకున్నాం. నా మంచం నా నేల మీద, తన మంచం తన నేల మీద."

అతను నవ్వలేదు. తన పక్కవాణ్ణి చూశాడు. పక్కవాడు టోపీ చూసుకున్నాడు.

"ఇల్లు మొత్తం మీ నేల మీదే ఉందమ్మా" అన్నాడు.

రాగ్నా అప్పుడు గుమ్మంలో నిలబడి ఉంది. గుమ్మం తన వైపే. చేతిలో పాల బకెట్టు అలాగే ఉంది.

ఏప్రిల్ 12

రాగ్నా రోజంతా మేకుల వరస దాటి నా వైపు రాలేదు. కాఫీ గిన్నె నేనే అటు జరిపాను.

ఏప్రిల్ 17, ఆదివారం

అస్లాక్ బాబాయి వచ్చాడు. నాలుగేళ్ళ కిందట కొలతకు బండి ఇచ్చింది ఆయనే. హద్దులకు పాతిన కర్రలన్నీ పొయ్యిల పాలై, పడమటి మూల రాయి ఒక్కటే మిగిలిన రోజులు. చక్రానికి ఎర్ర గుడ్డ కట్టి, గుడ్డ ఎన్నిసార్లు పైకొస్తే నా భూమి వెడల్పు అరమైలు అవుతుందో లెక్క చెప్పి పంపాడు. రాగ్నా బండి తోలింది. నేను లెక్క పెట్టాను. దారిలో ఒక్కసారి కూడా లెక్క తప్పలేదు. అదే చెప్పాను.

"ఏ చక్రానికి కట్టారే?" అన్నాడు బాబాయి.

"ముందు చక్రానికి" అంది రాగ్నా. "వెనక చక్రానికి కడితే కూర్చున్న చోటికి కనబడదుగా బాబాయ్. మెడ తిప్పీ తిప్పీ చచ్చేవాళ్ళం."

బాబాయి తల పట్టుకున్నాడు. "ఓసి పిచ్చి మొహాల్లారా! నేను చెప్పిన లెక్క వెనక చక్రానిదే! ముందు చక్రం చిన్నది కదే, అన్నిసార్లు తిరిగినా అంత దూరం ఎక్కడ పోతుంది?"

రాగ్నా నన్ను చూసింది. నేను తనను చూశాను. గుడ్డ కట్టింది నేను. కట్టమన్నది తను. ఎవరిని తిట్టాలో తెలియక ఇద్దరం బాబాయినే తిట్టాం. చక్రాలు రెండు సైజులుంటాయని ముందే చెప్పొద్దూ!

ఆయన వెళ్ళాక రాగ్నా కిటికీ దగ్గర నిలబడి ఆ ముళ్ళ తుప్పకేసి చాలాసేపు చూసింది. "నా నేల అంత దూరాన ఉందా వదినా" అంది.

ఏప్రిల్ 30

చెక్క పలకల కొట్టు ప్రాట్ లాండ్ ఆఫీసులో అభ్యంతరం వేశాడు. రాగ్నా తన భూమిలో ఒక్క రోజు కూడా కాపురం లేదట, కాబట్టి దాని మీద తన హక్కు పోయిందట, ఆ భూమి ఇకమీదట వాడికి రావాలట. ఈ ఇంటికి పలకలు అమ్మింది ఆ ప్రాటే. పలకలు ఎక్కడికి తోలించాడో అప్పుడు వాడికి తెలియదా?

విచారణ జూన్ ఏడున.

నాకేం భయం లేదు. నా భూమి మా ఆయన పేడెర్ పేరున ముందుగా రాయించింది, ఆయన పోయాక నా పేరున పోయినేడే ఖాయమైంది. దాన్ని ఎవరూ కదపలేరు. నా బెంగంతా ఆ పిల్ల గురించే. వచ్చే ఏడు కోతల దాకా ఆగితే తనదీ ఖాయమయ్యేది.

మే 4

బంగాళాదుంపలు నాటాం. రాగ్నా తన పొలంలోనే ముందు నాటుదామంది. ఎవరి పొలమవుతుందో తెలియకుండా దుంపలెందుకు అన్నాను. "నాదే అవుతుంది" అంది. తను పట్టిన కుందేలుకు మూడే కాళ్ళు. వాళ్ళన్నా అంతే.

మే 9

రాగ్నా పొలంలో ఉండగా ప్రాట్ వచ్చాడు. టోపీ తీసి, కాళ్ళు తుడుచుకుని మరీ లోపలికి వచ్చాడు. కాఫీ గింజల సంచి తెచ్చాడు. వద్దన్నాను. బల్ల మీద పెట్టాడు.

"మిసెస్ బక్కెన్, మిమ్మల్ని అబద్ధం చెప్పమని నేను అడగను. మీరు చెప్పరు కూడా. నాకు తెలుసు" అన్నాడు. "మా లాయరు అడిగినదానికి జవాబు చెప్పండి. అవునంటే అవును, కాదంటే కాదు. అంతకు మించి ఒక్క ముక్క కూడా మాట్లాడనక్కర్లేదు. చట్టం అడిగేది అంతే."

"మా ఆడపడుచు ఏమైపోవాలి?"

"ఎక్కడికి పోతుంది? మీ దగ్గరే ఉంటుంది. ఇల్లు ఎలాగూ మీ నేల మీదే ఉందాయె. ఇద్దరూ కలిసి చల్లగా బతకండి. ఆ పిల్లకు భూమి దక్కిందనుకోండి, రేపు అక్కడ ఇల్లు వేసుకుని పోతుంది. మీరొక్కరే మిగులుతారు. ఇక్కడి చలికాలం ఎలా ఉంటుందో మీకు చెప్పాలా?"

కాఫీ పోశాను. కాఫీ పోసినంత మాత్రాన ఒప్పుకున్నట్టు కాదు.

గింజల సంచి రాగ్నా చూడకముందే పిండి డబ్బా వెనక పెట్టాను. మర్చిపోయి వెళ్ళాడు, తిరిగిచ్చేయాలి.

మే 10

మనిషి చెడ్డవాడే గానీ, అన్నదాంట్లో తప్పేముంది? ఒంటరి ఆడపిల్ల అంత భూమిని ఏం చేసుకుంటుంది? దున్నేది ఎవరు? తనకు ఇల్లు లేదా, నేను లేనా? ఈ మధ్య రోజూ ఆ పాటే. పట్టా వచ్చాక రెండు కిటికీల ఇల్లట, తూర్పుకొకటి దక్షిణానికొకటి. నా ఇంట్లో ఉన్న ఒక్క కిటికీలోంచి కనబడనిది ఏముందో అక్కడ!

భూమి పోతే నాలుగు రోజులు ఏడుస్తుంది. తరవాత సర్దుకుంటుంది. నేను తన మంచి కోసమే ఆలోచిస్తున్నాను.

మే 17

మేం వదిలొచ్చిన దేశం పండగ. అందరూ పాడారు. రాగ్నా గొంతు బాగుంటుంది.

మే 21, శనివారం

అస్లాక్ బాబాయి, ఇంకో ఇద్దరు వచ్చారు. ఎద్దులు కట్టి ఇంటిని ఏకంగా అసలు హద్దు మీదికి లాగేద్దామన్నారు. విచారణ నాటికి ఇల్లు అక్కడే ఉంటుంది, ఎప్పుడూ అక్కడే ఉందని అందరం చెబుతాం, ఎవడు కాదంటాడు?

"కొలిచినవాళ్ళే కాదంటారు బాబాయ్" అన్నాను.

రాగ్నా మాత్రం గట్టిగా చెప్పింది. "నేను దొంగతనంగా పడుకోలేదు. ఇప్పుడు దొంగతనంగా ఇల్లు జరపను. ఒక్క రాత్రి కూడా ఆ మేకులు దాటలేదు నేను. ప్రమాణం చేసి అదే చెబుతాను. నా నేల అనుకున్న నేల మీదే పడుకున్నాను."

నేను చేపలు కడగడానికి బయటికి వెళ్ళాను.

మే 22

"ఒక్క రాత్రి కూడా" అంటోంది.

మే 29, ఆదివారం

తనకు గుర్తు లేదు. జనవరిలో జ్వరం వచ్చినప్పుడు తన మంచాన్ని పొయ్యి దగ్గరకు లాగాను. పొయ్యి నా వైపు ఉంది. తన వైపు గోడ మేకుల మీద మంచు పేరుకుంది. ఒళ్ళు తెలియకుండా పడి ఉన్న మనిషిని అక్కడ ఎలా వదిలేయడం? లాగాను. తరవాత జరిగింది జరిగింది. జ్వరం తగ్గాక తనకు ఆ రోజులేవీ గుర్తు రాలేదు. నేను చెప్పలేదు. చెప్పాల్సిన అవసరం ఏముంది?

ఇప్పుడు చెబితే, "దాటలేదు" అని ప్రమాణం చేయదు. చెప్పకపోతే, చేస్తుంది. ఆ లాయరు నన్ను అడిగితే నేను అవునంటాను. నేను అబద్ధమాడను. ఆ సంగతి ఊరందరికీ తెలుసు.

అడగకపోవచ్చు కూడా.

జూన్ 3

అడిగినదానికే జవాబు. అంతకు మించి అక్కర్లేదు. అది చట్టమే.

జూన్ 5, ఆదివారం

రాగ్నా రేపటి ప్రయాణానికి రొట్టెలు చేసింది. నా నల్ల గౌనుకు తనే గుండీ కుట్టింది. "వదినా, నువ్వు పక్కనుంటే నాకు భయం లేదు" అంది. ఎందుకన్నట్టు ఆ మాట? పక్కనుండటం నా పని కాదా?

తలనొప్పిగా ఉంది.

జూన్ 8, బుధవారం

మళ్ళీ ఇంట్లో ఉన్నాను. నిన్నటి సంగతి రాయాలి.

లాండ్ ఆఫీసు గది ఇరుకు. అధికారి పెద్దవాడు, గొంతు బొంగురు. మా మాటలు ఇంగ్లీషులో చెప్పడానికి ఒక డేనిష్ గుమాస్తాను కూర్చోబెట్టారు. వాడు మన మాటను నోట్లో వేడి దుంప పెట్టుకున్నట్టు పలుకుతాడు. ప్రాట్ మూలన కుర్చీలో కాలి మీద కాలేసుకుని కూర్చున్నాడు. నాకేసి చూసి తల పంకించాడు. నేను చూడనట్టు ఉన్నాను.

బాబాయి చక్రం కథ చెప్పాడు. ముందు చక్రం, వెనక చక్రం అని చేతులతో చూపిస్తుంటే అధికారి కూడా నవ్వాపుకున్నాడు. ప్రాట్ లాయరు నవ్వలేదు. పొరపాటు అందరికీ జరుగుతుంది, కానీ ఈ హద్దు మీద కాపురం అన్నదే నాటకమన్నాడు. ఎక్కడ వెచ్చగా ఉంటే అక్కడ పడుకుని, కాగితాల కోసం మేకులు కొట్టుకున్నారన్నాడు. ఆ మేకులను ఎవరు లెక్కచేశారని అడిగాడు.

రాగ్నాను పిలిచారు. నిటారుగా నిలబడి ప్రమాణం చేసింది. "ఆ ఇంట్లో ఉన్నన్నాళ్ళూ ఒక్క రాత్రి కూడా మేకులు దాటి పడుకోలేదు" అంది. ఎంత నమ్మకంగా అందో!

తరవాత నన్ను పిలిచారు. పుస్తకం మీద చెయ్యి పెట్టాను.

"మీ ఆడపడుచు ఎప్పుడైనా మేకులు దాటి, మీ వైపు పడుకుందా? అవునా, కాదా? అంతే చెప్పండి" అన్నాడు లాయరు.

"అవును" అన్నాను.

గదిలో ఎవరో కుర్చీ జరిపారు. లాయరు చాలన్నట్టు కూర్చున్నాడు. ప్రాట్ కాలు దించాడు. అధికారి ఇక వెళ్ళవచ్చని చెయ్యి ఊపాడు. నేను లేచాను కూడా. అప్పుడు రాగ్నాను చూశాను.

కోపంగా చూస్తుందనుకున్నాను. కోపం అయితే భరించేదాన్ని, నాకు అలవాటే. తను నన్ను చూడటం లేదు. కిందికి చూస్తోంది, పెదవులు కదులుతున్నాయి. లెక్క పెట్టుకుంటోంది. ఏ రాత్రి, ఎప్పుడు, తనెక్కడ అబద్ధం చెప్పిందో వెతుక్కుంటోంది. నా మాట విని, తన మాటే తప్పనుకుంది. నా నోటి నుంచి వచ్చింది కాబట్టి నిజమే అయి ఉంటుందనుకుంది.

మళ్ళీ కూర్చున్నాను.

"నేను ఇంకా చెప్పాలి" అన్నాను.

లాయరు లేచి, జవాబు అయిపోయిందన్నాడు. గుమాస్తా నోరు తెరిచి నన్నూ వాణ్ణీ చూశాడు. "ఆమెను చెప్పనివ్వండి" అన్నాడు అధికారి.

చెప్పాను. జ్వరం సంగతి, నేనే మంచం లాగిన సంగతి. మూడు రాత్రులు మనిషికి స్పృహ లేదు. నాలుగో రాత్రి కళ్ళు తెరిచింది. పెదవులు పగిలి రక్తం కారుతున్నాయి. నీళ్ళ చెంబు నోటి దగ్గర పెడితే చేత్తో తోసేసింది. పొయ్యిని చూసింది, ఇంటి కప్పును చూసింది. "నేనెవరి నేల మీదున్నాను వదినా?" అని అడిగింది. ఆ గొంతు బతికున్న మనిషి గొంతులా లేదు.

"నా నేల మీదున్నావు, నోరు మూసుకుని తాగు" అన్నాను.

"నన్ను నా నేల మీదికి చేర్చు. అప్పుడు తాగుతాను."

తిట్టాను. చచ్చిపోతావే అన్నాను. మీ అన్నను పాతిపెట్టిన చేతులతో నిన్ను కూడా పాతిపెట్టలేనన్నాను. పళ్ళు బిగబట్టుకుని పడుకుంది. ఎంత బతిమాలినా ఒక్క చుక్క తాగలేదు. చివరికి మంచం మళ్ళీ అటు లాగాను. మేకులు దాటాక, "ఇప్పుడు ఇవ్వు" అంది. చెంబు మొత్తం తాగింది. నేను ఇటుకలు వేడి చేసి గుడ్డల్లో చుట్టి, తెల్లవార్లూ తన కాళ్ళ దగ్గర పెడుతూ కూర్చున్నాను. తెల్లారాక తనకు ఏదీ గుర్తు లేదు.

"ఆ మేకులను ఎవరు లెక్కచేశారని అడిగారుగా. ఇదుగో, ఈ పిల్ల లెక్కచేసింది" అన్నాను. గుమాస్తా ఈ మాట సరిగ్గా చెప్పాడో లేదో తెలియదు. గొంతు మాత్రం తగ్గించి చెప్పాడు.

అధికారి చాలాసేపు రాసుకున్నాడు.

తిరిగి వస్తూ బండిలో రాగ్నా, నేను వెనక కూర్చున్నాం. బాబాయి ముందు కూర్చుని తోలుతున్నాడు.

"నీళ్ళు వద్దన్నానా నేను?" అంది ఉన్నట్టుండి.

"అన్నావు. నా గౌను కూడా తడిపావు."

"ముందే ఎందుకు చెప్పలేదు వదినా?"

"నువ్వడగలేదు" అన్నాను.

అది జవాబు కాదని ఇద్దరికీ తెలుసు. కొంచెం దూరం పోయాక తను తల నా భుజం మీద పెట్టి నిద్రపోయింది.

జూన్ 9

ప్రాట్ కాఫీ గింజలు అస్లాక్ బాబాయి చేత తిప్పి పంపాను. రాగ్నాకు సంగతంతా చెప్పాను. "మంచి గింజలేనా?" అంది. మంచివే అన్నాను. "అయ్యో" అంది.

జూలై 2, శనివారం

తీర్పు వచ్చింది. హద్దు విషయంలో జరిగింది నిజాయితీగా జరిగిన పొరపాటట. రాగ్నా భూమి రాగ్నాదేనట. అభ్యంతరం కొట్టేశారు.

ఒక్క షరతు. శీతాకాలం రాకముందే తను అసలు హద్దు లోపలికి వెళ్ళి కాపురం పెట్టాలి. పట్టా వచ్చేదాకా అక్కడే ఉండాలి.

రాగ్నా నన్ను పట్టుకుని గది చుట్టూ తిప్పింది. మేకులు ఎన్నిసార్లు దాటామో. నేనూ నవ్వాను. సంతోషంగానే ఉంది.

జూలై 6

ఇల్లు కట్టి చూడు అన్నారు. పలకలు కొనాలంటే ప్రాట్ కొట్టుకే పోవాలి. రాగ్నా పోనంది, నేనూ పోనన్నాను. గడ్డి మట్టితో ఇల్లు కడితే రెండు వానలకు కరిగి నెత్తిన పడుతుంది.

"ఉన్న ఇల్లే ఉందిగా, కోసేద్దాం" అన్నాడు బాబాయి. వేళాకోళం అనుకున్నాను. ఆయన మేకుల వరసను కాలి బొటనవేలితో తట్టి చూస్తున్నాడు.

జూలై 18, సోమవారం

కోశారు.

మేకులు ఒక్కొక్కటే పీకి, ఆ చారల వెంటే రంపం పెట్టారు. ముందు నేల, తరవాత గోడలు, చివరికి కప్పు. కప్పు తెగేటప్పుడు రాగ్నా చెవులు మూసుకుంది. నేను చూస్తూనే ఉన్నాను. లోపలి గోడకు అంటించిన పాత వార్తాపత్రిక రంపం కింద చిరిగిపోయింది.

దుంగల మీదికెక్కించి, ఎద్దులు కట్టి లాగారు. సగం ఇల్లు గడ్డిలో పడవలా ఊగుతూ ముళ్ళ తుప్పకేసి పోయింది. రాగ్నా ముందు నడుస్తోంది. ఆ ఇంటి లోపలంతా బయటికి కనిపిస్తోంది. మంచం, కుర్చీ, గోడకు తన గౌను.

"ఆడపడుచు అర్ధమొగుడంటారు. మా వదినకు సగం ఇల్లే మిగిలింది" అని అరిచింది తను వెనక్కి తిరిగి. అందరూ నవ్వారు.

బాబాయి ముందు రాగ్నా సగానికి గోడ పెట్టి, నా సగానికి తెరిచిన వైపు గుడారం గుడ్డ కట్టి, కింద దుంగ పెట్టి వెళ్ళాడు. ఆదివారం వచ్చి గోడ పెడతాడట.

జూలై 19

ప్రశాంతంగా ఉంది. ఇన్నాళ్ళకు ఇల్లు నాదయింది.

జూలై 20

ప్రశాంతంగానే ఉంది.

జూలై 21

రెండు కప్పులు కడిగాను. రెండోది ఎవరూ తాగనిది.

జూలై 23

పొద్దున రాగ్నా వచ్చింది. అక్కడ ఇంకా పొయ్యి లేదు. ఇక్కడే వండుకుని, మధ్యాహ్నం దాకా బీన్స్ ఏరి వెళ్ళింది. ప్రాట్ మనిషి ఒకడు రోజూ సాయంత్రం గుర్రం మీద అటుగా పోతున్నాడట, తను ఉందో లేదో చూసుకోవడానికి. పొద్దు గుంకేసరికి గుమ్మంలో కూర్చుని అల్లిక అల్లుతున్నానంది. వాడికి టోపీ కూడా ఊపుతుందట. వాడు తిరిగి ఊపుతాడట!

జూలై 24, ఆదివారం

బాబాయి రాలేదు. నడుం పట్టేసిందట. గోడ వచ్చే వారం.

సాయంత్రం రాగ్నా వెళ్ళబోతూ అటకమీది ఉన్ని దుప్పటి అడిగింది. ఇచ్చాను. అడుగు బయట పెట్టి ఆగింది.

"నేను వెళ్ళాలి వదినా, చీకటి పడకముందే నా నేల మీదుండాలి. నీకా బాధ లేదుగా. నీది ఎప్పుడో ఖాయమైంది. నిన్నిక్కడే పడుకోమని ఏ చట్టమూ అనదు. నువ్వెక్కడైనా పడుకోవచ్చు."

"నాకేం ఖర్మ. నా ఇల్లు నాకుంది" అన్నాను.

"సరే" అంది. వెళ్ళింది.

వెళ్ళేటప్పుడు చాలాసేపు చూశాను. గడ్డి నడుము దాకా ఉంది, పై సగమే కనబడుతోంది. వెనక్కి తిరగలేదు.

ఇంకా వెలుగుంది, రాయడానికి సరిపోతుంది. పేడెర్‌ను పాతిపెట్టిన రోజు సాయంత్రం కూడా ఇలాంటి వెలుగే. ఆ రాత్రి ఈ నేల మీద నేనొక్కదాన్నే పడుకున్నాను. పడుకోకపోతే భూమి పోతుందని పడుకున్నాను. ఆ మర్నాటి నుంచీ అందరితో అదే చెప్పాను, ఆ ఆడదానికి ధైర్యం ఎక్కువని అందరూ అన్నారు. మరుసటేడు రాగ్నా మూట పట్టుకుని బండి దిగినప్పుడు, నా పక్క భూమి రాయించుకోమని చెప్పింది నేనే. తన మంచికే అన్నాను.

భూమి పోతే తను నా దగ్గరే ఉండిపోతుందని ఆ గదిలో "అవును" అని ఊరుకున్నాను. లేచి నిలబడ్డాను కూడా. ఇది ఇక్కడైనా రాయాలి.

దిండు మూటకట్టుకున్నాను. ఇల్లు తెరిచి ఉంది, గాలి కొడుతోంది, గోడ కట్టేదాకా నీ దగ్గరే ఉంటానని తనతో చెప్పాలనుకున్నాను. మాట బాగానే ఉంది, ఎవరైనా నమ్ముతారు. కానీ గోడ వచ్చే వారం కట్టేస్తారు. అందుకని అది చెప్పను. ఒక్కదాన్నే ఉండలేకపోతున్నానే రాగ్నా అని చెబుతాను.